వైరు లేని కీబోర్డు

ముంబయి, అంధేరీ
12 ఆగస్టు 2023

మాస్టారికి,

సుభాష్ నమస్కరించి రాస్తున్నాడు. మీ చెవులకి ఫోన్ పనికిరాదు. వాట్సాప్‌లో ముక్కలు ముక్కలుగా వచ్చేది ఉత్తరమే కాదని మీరంటారు. అందుకని నాలుగేళ్ళుగా నాకు కాగితమూ కవరూ తప్పలేదు. మా గల్లీలో పోస్టు డబ్బా ఎక్కడుందో తెలిసినవాణ్ణి నేనొక్కణ్ణే అనుకుంటాను. తప్పులుంటే ఎప్పటిలాగే ఎర్ర పెన్నుతో దిద్ది ఉంచండి. భిలాయి వచ్చినప్పుడు చూసుకుంటాను.

పోయిన నెలలో పదకొండు పాటలకి కీబోర్డు వాయించాను. ఒక భోజ్‌పురి పాట, రెండు సబ్బు ప్రకటనలు, ఒక సీరియల్ టైటిల్. మిగతావి ఏమిటో నాకే తెలియదు. స్టూడియోకి పిలుస్తారు, హెడ్‌ఫోన్ పెడతారు, చెవిలో టిక్ టిక్ మని తాళం వినిపిస్తుంది, ఎనిమిది ఆవర్తాల ముక్క వాయించమంటారు. "కొంచెం దుఃఖంగా" అంటే అలాగే వాయిస్తాను. "అంత దుఃఖం వద్దు" అంటే తగ్గిస్తాను. కొన్నాళ్ళకి ఆ పాట ఏ ఆటోలోనో వినిపిస్తే, అరె, ఇది నా చెయ్యి కదా అనుకుంటాను. పేరు ఎక్కడా ఉండదు. సెషన్ వాళ్ళ బతుకే అంత. దాని గురించి నాకు బాధ లేదు.

అసలు కబురు వేరే ఉంది. మనోజ్ పిలిచాడు. భిలాయిలో మీరు నడిపిన మన ఆర్కెస్ట్రాలో మైకు పట్టుకుంటే వదలనివాడు, క్యాంప్ 2 బస్తీ మనోజ్‌కుమార్, ఇప్పుడు ఇక్కడ బస్సుల మీద ఫోటోగా తిరుగుతున్నాడు. పేరు మనోజ్ కె. వాడి రాక్ బ్యాండు పేరు 'భట్టీ'. ఉక్కు ఊరివాళ్ళం కాబట్టి కొలిమి పేరే పెట్టాడట. "నువ్వు లేకపోతే నా పాటలకి ఊపిరి లేదు, ఆజా భాయ్" అన్నాడు. అక్టోబరు నుంచి ఊరూరా ప్రదర్శనలు. నాకు స్టేజి మీద కుడివైపు చోటు, నీలం లైటు కింద. తర్వాత ఆల్బం. అందులో మొదటి పాట 'దూసరీ పాలీ'.

గుర్తుందా మాస్టారూ? మా నాన్న పోయిన నెల, మీ వరండాలో కూర్చుని కట్టిన ట్యూను. పేరుకి తగ్గట్టే, రెండో షిఫ్టుకి వెళ్ళిన మనిషి కోసం ఇంట్లోవాళ్ళు ఎదురుచూసే పాట. మీకు వినబడదని స్పీకరు పెట్టె మీద అరచెయ్యి ఆనించి, చివరిదాకా కళ్ళు మూసుకుని ఉన్నారు. అయ్యాక తలూపారు. నాకు ఆ తలూపు చాలు.

మీ
సుభాష్


భిలాయి, సెక్టర్ 4
3 సెప్టెంబరు 2023

చిరంజీవి సుభాష్‌ని ఆశీర్వదించి రామమోహనరావు రాయునది.

ఉత్తరం అందింది. తప్పులు ఏడు. 'దుఃఖం' మాత్రం సరిగ్గా రాశావు.

ఇక్కడ వానలు వదలడం లేదు. క్వార్టరు వంటింట్లో మూడు చోట్ల గిన్నెలు పెట్టాను. చుక్కలు పడుతున్నట్టు కళ్ళకి కనిపిస్తుందే గాని చప్పుడు తెలియదు. రైల్ మిల్లు క్రేను మీద ముప్పై రెండేళ్ళు కూర్చున్నందుకు నాకు దక్కిన ప్రశాంతత ఇది. మన తబలా శంకరరావు ఇన్సూరెన్సు ఏజెంటయ్యాడు. కనిపించిన ప్రతివాణ్ణీ చావు గురించి ఆలోచించమంటున్నాడు.

పోయిన నెలాఖరున చరోదా వెళ్ళి మీ అమ్మని చూశాను. అప్పయమ్మగారు నా ఎదురుగా కూర్చుని, పెదవులు చదువుకోమన్నట్టు నెమ్మదిగా మాట్లాడుతుంది. మోకాళ్ళు తప్ప అంతా బాగానే ఉంది.

మనోజ్ వచ్చి వెళ్ళాడు. వెంట పాటల కంపెనీ ఆయన ఎవరో ఉన్నాడు. గంటసేపు కూర్చున్నారు. టీ తాగి వెళ్ళారు. వాడు కాళ్ళకి దణ్ణం పెట్టాడు.

ఒక మాట. పాటల విషయంలో మీరిద్దరూ ముందే మాట్లాడుకున్నారు కదా? స్నేహితులు ఇలాంటివి ముందే తేల్చుకోవాలి. తేల్చుకున్నారనే అనుకుంటున్నాను.

ఈసారికి ఇంతే.

ఆశీస్సులతో
రామమోహనరావు


పుణె
5 నవంబరు 2023

మాస్టారికి నమస్కారాలు.

జవాబు ఆలస్యమైంది. నెలలో తొమ్మిది ఊళ్ళు తిరిగాం. ప్రయాణం, సామాను దింపడం, వాయించడం, మళ్ళీ సామాను ఎక్కించడం. అన్నం ఏ ఊళ్ళో ఏ పూట తిన్నానో చెప్పలేను.

స్టేజి మీద బాగుంది. నీలం లైటు మొహం మీద పడుతుంటే జనం కనిపించరు, చేతులు ఊపడం మాత్రం తెలుస్తుంది. పోస్టరులో నా ఫోటో లేదేమని శంకరరావు మామయ్య అమ్మని అడిగాడట. పాడేవాడి ఫోటోయే వేస్తారు, వాయించేవాళ్ళవి వెయ్యరు. మీరైనా ఆయనకి చెప్పండి.

పాటల సంగతి అడిగారు. ఇద్దరి పేర్లూ వేయిస్తానని మనోజ్ అన్నాడు. వాడు అన్నాక నేను కాగితం అడగలేదు. మీ ఇంట్లో ఒకే కంచంలో తిన్నవాళ్ళం.

ఫిబ్రవరి పదిహేడున మన ఊళ్ళోనే ప్రదర్శన, జయంతి స్టేడియంలో. మీరు రండి. అమ్మని మాత్రం తీసుకురావద్దు. గుంపు, దుమ్ము, ఆవిడ మోకాళ్ళు. నేనే చరోదా వెళ్ళి కలుస్తాను. ఈ ఒక్క మాటా వినండి.

సుభాష్


భిలాయి, సెక్టర్ 4
20 జనవరి 2024

చిరంజీవి సుభాష్‌కి,

నీ మాట చెల్లలేదు. శంకరరావు చేత మీ అమ్మకి నచ్చజెప్పించబోతే ఆవిడ అతనికే తలంటి పంపింది. "ఏటి బాబూ, నా కొడుకు మా ఊళ్ళో వాయిస్తంటే నాను ఇంట్లో కూకుంటానా?" అందట. ఆవపువ్వు రంగు చీర కొనుక్కుంది. దూరం నుంచి కూడా నువ్వు గుర్తుపట్టాలని.

మనోజ్ రెండో వరసలో పన్నెండు పాసులు పంపించాడు. మన పాత ఆర్కెస్ట్రా అంతా వస్తోంది. నేను కూడా, నవ్వుకోకు, పాల బూత్ దాకా ఎవరెదురైతే వాళ్ళకి చెప్పుకొచ్చాను. ఇద్దరు శిష్యులూ ఒకే స్టేజి మీద. ఈ వయసులో నాకు ఇంకేం కావాలి?

రామమోహనరావు


భిలాయి, సెక్టర్ 4
19 ఫిబ్రవరి 2024

సుభాష్‌కి,

ఎల్లుండి రాద్దామనుకుని ఆగలేకపోయాను.

సాయంత్రం అయిదింటికే వెళ్ళి కూర్చున్నాం. మీ అమ్మని మధ్యలో కూర్చోబెట్టాం. లైట్లు వేశారు. స్టేజి మీద అయిదుగురు. మధ్యలో ఎర్ర కీబోర్డు ముందు మనోజ్. అటూ ఇటూ గిటార్ల వాళ్ళు, వెనక డ్రమ్ము, పక్కన కోరస్ పాడే అమ్మాయి. కుడివైపు నీలం లైటు ఉంది. దాని కింద ఎవరూ లేరు.

మీ అమ్మ మొదటి పాటకి డ్రమ్ము వాయించేవాడు నువ్వనుకుంది. వాడు తల ఎత్తగానే కాదని తెలిసింది. మూడో పాటకి నా భుజం తట్టి అడిగింది. "మాస్టారూ, నాకు కళ్ళు సరిగా అవుపడవు. మీరు సూసి సెప్పండి. మన సుభాష్ ఏ పక్కనున్నాడు?"

ఏం చెప్పను? స్టేజి మూల చీకట్లో ఎవడో వైర్లు సర్దుతున్నాడు. నల్లచొక్కా, నీ ఒడ్డూ పొడుగూ. వాణ్ణి చూపించాను. అయిపోయేదాకా ఆవిడ వాణ్ణే చూసింది. ఒకసారి చెయ్యి కూడా ఊపింది.

'దూసరీ పాలీ' వచ్చింది. నేను మనోజ్ చేతులు చూశాను. రెండో చరణానికి ముందు ఆ ట్యూనులో ఎడమ చెయ్యి ఎత్తడానికి లేదు, ఎత్తితే పాట కూలిపోతుంది. మనోజ్ రెండు చేతులూ ఎత్తి జనం చేత చప్పట్లు కొట్టించాడు. పాట కూలలేదు. కింది స్వరం ఆగలేదు.

అయ్యాక మీ అమ్మని వెనక గేటు దగ్గరికి నడిపించుకెళ్ళాం. అక్కడి మనిషి చేతిలో ఉన్న పేర్ల జాబితాలో నీ పేరు లేదు. మనోజ్ దండలతో బయటికొచ్చాడు, అందరినీ కావిలించుకున్నాడు. సుభాష్‌కి ఒంట్లో బాగాలేదు, హోటల్లో పడుకున్నాడు, వాయించలేదు అన్నాడు. మీ అమ్మ అతనివైపు చూడలేదు. నావైపు తిరిగింది.

"అయితే నాను రెండు గంటలు సూసినోడు ఎవుడు మాస్టారూ?" అంది.

చరోదాలో ఆటో దిగాక, మంచినీళ్ళు తాగి వెళ్ళమంది.

నువ్వు ఎక్కడున్నావు? పుణె నుంచి రాసిన నీలం లైటు, చేతులూపే జనం, అదంతా ఏమిటి? నిన్ను నమ్మి ఊరంతటికీ చెప్పినవాణ్ణి. నన్ను ఇలా నిలబెడతావా?

రామమోహనరావు


ముంబయి
4 మార్చి 2024

మాస్టారికి,

నేను అక్కడే ఉన్నాను. మీ కుర్చీలకి ముప్పై అడుగుల దూరంలో, స్టేజి వెనక నల్లగుడ్డకి అవతల.

అక్టోబరు మొదట్లో రిహార్సల్సప్పుడే కంపెనీ వాళ్ళు తేల్చారు. తానే పాడుతూ తానే వాయించే మనిషిని చూడ్డానికి జనం వస్తారట. మనోజ్‌కి కీబోర్డు మీద నాలుగు మెట్లు నొక్కడం మించి రాదని మీకు తెలుసు. కాబట్టి వాడు ముందు, నేను వెనక. వాడి ఎర్ర కీబోర్డుకి ధ్వని వైరే లేదు, లోపల బల్బులు వెలగడానికి కరెంటు మాత్రం ఉంది. నా దగ్గర అసలు కీబోర్డు, ఒక టేబుల్ ఫ్యాను, వాడి చేతులు కనిపించే చిన్న టీవీ. వాడి వేళ్ళకి సరిపోయేలా నేను వాయించాలి. వాడు పొరపాటున ముందే చెయ్యి వేస్తే నేనూ ముందే వాయించాలి. "దో మహీనే, భాయ్. పేరు నిలబడనీ, నిన్ను ముందుకి తీసుకొస్తా" అన్నాడు. రెండు నెలలు నాలుగయ్యాయి. మీకు ఎలా రాయను? నీలం లైటు అని రాశాను. లైటు మాత్రం నిజం, చూశారుగా.

గుడ్డ అతుకు దగ్గర వేలెడు సందు ఉంది. అందులోంచి అమ్మ కనిపించింది. ఆ చీర వేరే ఎవరిదీ అయ్యే అవకాశం లేదు. ఎవర్నో చూసి నవ్వుతోంది, చెయ్యి ఊపుతోంది. నాకు అప్పుడు అర్థం కాలేదు. మీ ఉత్తరం చదివాక అర్థమైంది.

బయటికి రావలసింది. 'దూసరీ పాలీ' అవగానే రెండడుగులు వేశాను కూడా. కానీ ఎక్కడ నుంచుని వాయించావు నాయనా అని అమ్మ అడుగుతుంది. ఆ నల్లగుడ్డ చూపించి, ఇదిగో ఇక్కడ అని చెప్పాలి. చెప్పలేక వెనకనుంచి వెళ్ళి బస్సులో కూర్చున్నాను. అమ్మకి ఫోన్ చేసి జ్వరమన్నాను. "సరే నాయనా, మందేసుకో" అంది. మళ్ళీ ఆ మాట ఎత్తలేదు. తిడితే బాగుండేది.

మిమ్మల్ని మోసం చేశాను. అది ఒప్పుకుంటున్నాను. కానీ నన్ను చేసిన మోసం కూడా వినండి. పోయిన వారం ఆల్బం వచ్చింది. 'దూసరీ పాలీ' కింద 'రచన, సంగీతం: మనోజ్ కె' అని ఉంది. ఇంకేమీ లేదు. మనోజ్ ఫోన్ ఎత్తడం మానేశాడు. కంపెనీకి వెళితే, ఆ పాట మనోజ్‌దే అని తమ దగ్గర సాక్షి సంతకంతో సహా కాగితం ఉందన్నారు. సాక్షి ఎవరో చెప్పలేదు. ఎవడో డబ్బుకి సంతకం పెట్టే రకం అయ్యుంటాడు.

అసలు సాక్షి మీరు ఒక్కరే మాస్టారూ. మీ వరండాలో, మీ కళ్ళ ముందు కట్టాను. మీరు రెండు లైన్లు రాసి సంతకం పెడితే చాలని ఇక్కడ వకీలు అంటున్నాడు. మీ ఉత్తరం కోసం చూస్తుంటాను.

సుభాష్


భిలాయి, సెక్టర్ 4
22 మార్చి 2024

చిరంజీవి సుభాష్‌కి,

ఉత్తరం అందింది. పది రోజులుగా ఒంట్లో నలతగా ఉంది, అందుకే ఆలస్యం.

నువ్వు చిన్నవాడివి. ఇంకా వంద పాటలు కడతావు. ఒక్క పాట కోసం కోర్టులూ వకీళ్ళూ మనకెందుకు? మనోజ్ కూడా పరాయివాడు కాదు. ఎప్పుడో అయిదేళ్ళ కిందటి సంగతి, ఎవరు ఏ ముక్క కట్టారో ఈ వయసులో నాకూ సరిగ్గా గుర్తు లేదు.

ఆరోగ్యం చూసుకో.

రామమోహనరావు


ముంబయి
15 ఏప్రిల్ 2024

రామమోహనరావుగారికి,

సరిగ్గా గుర్తు లేదన్న మీ ఉత్తరం మూడుసార్లు చదివాను. తొంభై ఏడులో దుర్గాపూజకి ఏ పాట తర్వాత ఏ పాట వాయించారో చెప్పగలిగిన మనిషి మీరు.

కంపెనీ ఆఫీసులో మూడు రోజులు కూర్చున్నాను. మూడోరోజు విసిగిపోయి కాగితం నకలు నా ముందు పడేశారు. 'ఈ పాట మనోజ్‌కుమార్ 2019లో నా ఇంట్లో, నా ఎదుట స్వయంగా కట్టినాడని ధ్రువీకరిస్తున్నాను.' కింద మీ సంతకం. తేదీ ఆగస్టు 27. పేరు పక్కన ఎవరూ అడక్కపోయినా 'సంగీత శిక్షకుడు' అని రాశారు. తప్పు ఒక్కటి కూడా లేదు.

ఎవడో డబ్బుకి సంతకం పెట్టే రకం అని మీకే రాశాను. అది చదివి మీరు ఎలా కూర్చున్నారో ఊహించుకోవాలని చూశాను. చేతకాలేదు.

ఇంకొకటి. నిన్న అమ్మ ఫోన్ చేసింది. "మాస్టారు పోను సేసినారు, మోకాళ్ళకి ఏదో నూనె సెప్పినారు, ఎంత బాగా మాటాడినారో" అంది. ఆయనకి వినబడదు కదమ్మా అన్నాను. "ఇనపడకేటి? సెవుల్లో మిసన్లు ఎట్టుకున్నారు కదా. నీ ఆట రోజే సూసినాను" అంది.

అప్పుడు మీ ఫిబ్రవరి ఉత్తరం తీసి చూశాను. 'పాట కూలలేదు. కింది స్వరం ఆగలేదు' అని రాశారు. చెవులు వినబడని మనిషికి ఆ సంగతి ఎలా తెలిసిందని నాకు అప్పుడు తట్టనే లేదు.

మీకు ఎప్పటినుంచి వినబడుతోంది? ఆ మిషన్లు ఎవరు ఇచ్చారు?

సుభాష్


భిలాయి, సెక్టర్ 4
2 మే 2024

సుభాష్‌కి,

నీకు తెలిసిపోయింది కాబట్టి చెబుతున్నాను. తెలియకపోతే చెప్పేవాణ్ణి కాదేమో. అది కూడా నువ్వు తెలుసుకోవాలి.

ఆగస్టులో మనోజ్, కంపెనీ ఆయన వచ్చారు. గురువుగారిని సత్కరించాలనుకుంటున్నామని ఆయన కాగితం మీద రాసి చూపించాడు. రెండు చెవులకీ జర్మనీ మిషన్లు, రాయ్‌పూర్‌లో పరీక్ష, అన్నీ వాళ్ళే చూసుకుంటారట. అది అయ్యాక మనోజ్ ఇంకో కాగితం తీశాడు. ఊరికే ఒక పద్ధతి కోసమని, సుభాష్ ఒప్పుకున్నాడని రాసి చూపించాడు. దానికి ఇది అని ఎవరూ అనలేదు. అనవలసిన అవసరం లేదు. నాకు అర్థమైంది, వాళ్ళకీ అర్థమైంది. వాళ్ళు వెళ్ళాక నీకు ఉత్తరం రాసి, పాటల విషయం తేల్చుకున్నారా అని అడిగాను. సంతకానికి ముందు అడగవలసింది తర్వాత అడిగాను. అవునని నువ్వు అంటే నా మనసు తేలికపడుతుందని.

ఎందుకు పెట్టానో చెబితే సాకు అవుతుంది. అయినా చెబుతాను. చెవులు పోయాక మొదటి మూడేళ్ళు నాకు పెద్ద లోటు తెలియలేదు. నేర్చిన పాటలన్నీ తలలో వినిపించేవి. ఆ తర్వాత తలలో శ్రుతి జారడం మొదలైంది. 'సా' అనుకుంటే అది 'సా'నో కాదో చెప్పేందుకు ఎవరూ లేరు. ఒకరోజు హార్మోనియం ముందు కూర్చుని మెట్టు నొక్కి, ఏ స్వరం మోగుతుందో ఊహించబోతే ఏమీ రాలేదు. ఆ రోజు నుంచి నాకు భయం. చావంటే లేని భయం.

సెప్టెంబరు రెండో వారంలో రాయ్‌పూర్‌లో మిషన్లు పెట్టారు. మొదట ఫ్యాను చప్పుడు, తర్వాత నా చెప్పుల చప్పుడు. మనోజ్ తన ఫోన్ తీసి, మీరిద్దరూ అప్పట్లో రికార్డు చేసుకున్న 'దూసరీ పాలీ' పెట్టాడు. నాలుగేళ్ళ ముందు అరచేత్తో విన్నదాన్ని అప్పుడు చెవులతో విన్నాను. ఏడ్చాను. వాడు తన గొంతు విని ఏడుస్తున్నాననుకున్నాడు. ఆ పాట నిండా నీ వేళ్ళే ఉన్నాయి. ఇంత మంచి ట్యూను అని నాకు తెలియదురా. తెలిస్తే సంతకం పెట్టేవాణ్ణి కాదు అని రాయాలనుంది. రాయలేను. నాకు నమ్మకం లేదు.

ఫోన్ చెయ్యి అని నీకు ఒక్క ముక్క రాస్తే నీ గొంతు వినేవాణ్ణి. ఎన్నిసార్లో రాయబోయాను. నువ్వు మొదట అడిగేది మిషన్లు ఎక్కడివనే కదా. అందుకని చెవిటివాడిలా ఉత్తరాలు రాస్తూ కూర్చున్నాను. వానచుక్కల చప్పుడు తెలియదని రాసినప్పుడు నిజమే. ఆ తర్వాత రాసిన ప్రతి ఉత్తరంలోనూ అబద్ధం ఉంది.

అందరికన్నా పెద్ద అబద్ధం ఫిబ్రవరిది. మొదటి పాట మొదటి నిమిషంలోనే నాకు తెలిసిపోయింది, నువ్వు వెనక ఉన్నావని. నీ వాయింపు నాకు తెలియకపోతే ఇంకెవరికి తెలుస్తుంది? తెలిసీ మీ అమ్మకి ఎవడినో చూపించాను. తెలిసీ ఎక్కడున్నావని నిన్ను నిలదీస్తూ ఉత్తరం రాశాను. నీ తప్పు పెద్దది చేస్తే నాది కనబడకుండా పోతుందనుకున్నాను.

దీనితో ఒక అఫిడవిట్ జతచేశాను. నోటరీ సంతకం ఉంది. నేను ఆగస్టులో రాసింది అబద్ధమనీ, ఆ ట్యూను నువ్వు కట్టావనీ, అబద్ధం ఎందుకు రాశానో అదీ అందులో ఉంది. ఒక ప్రతి కంపెనీకి రిజిస్టర్ పోస్టులో పంపాను. మనోజ్ ఫోన్ చేసి, "మాస్టర్‌జీ, యే క్యా కర్ దియా", ఎంత పని చేశారు అన్నాడు. చేసింది ఆగస్టులో, ఇప్పుడు కాదు అన్నాను.

మిషన్లు తీసి వాడికి పంపేద్దామనుకున్నాను. తీసి బల్ల మీద పెట్టాను. గంటసేపు ఉండగలిగానేమో. మళ్ళీ పెట్టుకున్నాను. నేను ఇంతటివాణ్ణి.

క్షమించమని అడగను.

రామమోహనరావు


చెన్నై, వడపళని
18 ఆగస్టు 2024

మాస్టారికి,

మీ కాగితం పని చేసింది. వకీలు నోటీసు వెళ్ళిన నెలకి కంపెనీ దిగొచ్చింది. ఇప్పుడు 'దూసరీ పాలీ' కింద 'సంగీతం: సుభాష్' అని ఉంది. అక్షరాలు చిన్నవే, ఫోన్‌లో వేళ్ళతో పెద్దవి చేసుకుంటే గాని కనబడవు. అయినా ఉంది. మనోజ్ ఒకసారి కలిశాడు. "ముందే అడిగుంటే ఇచ్చేవాణ్ణి కదా భాయ్" అన్నాడు. వాడు నిజంగానే అలా అనుకుంటున్నాడు. నాకు వాడిమీద కోపం అక్కడితో సగం పోయింది. మిగతా సగంతో కలిసి పనిచెయ్యలేను. బ్యాండు వదిలేశాను. వాళ్ళకి ఇంకొకడు దొరికాడు. గుడ్డ వెనక టేబుల్ ఫ్యాను సరిగ్గా తిరగదని, దాని మెడ కింద మడిచిన అట్ట పెట్టుకోవాలని అతనికి చెప్పి వచ్చాను.

ఇక్కడ మళ్ళీ సెషన్లు. మొదటి రోజు స్టూడియోలో ఒకావిడ పుస్తకంలో రాసుకోవడానికి పేరు అడిగింది. ఇంటిపేరుతో సహా చెప్పి, అక్షరం అక్షరం విడమర్చాను. ఆవిడ విసుక్కుంది.

జులైలో చరోదా వచ్చాను. ఆదివారం మా అమ్మ వెళ్ళే చర్చిలో ఆర్గన్ వాయించేవాడు ఊళ్ళో లేడంటే నేను కూర్చున్నాను. కాళ్ళతో తొక్కే పాత ఆర్గన్, రెండు మెట్లు పలకవు. అమ్మ ముందు బెంచీలో ఆ ఆవపువ్వు రంగు చీరతో కూర్చుంది. అందరూ లేచి పాడుతుంటే తను లేవలేదు, పాడలేదు. గంటన్నర నన్నే చూసింది. అయ్యాక దగ్గరికొచ్చి, "నీ సేతులు మీ నాన్నవే" అని మాత్రం అంది. ఫిబ్రవరి సంగతి అప్పుడు మొత్తం చెప్పాను. నల్లగుడ్డ, టీవీ, బస్సు, అన్నీ.

మీ సంగతి చెప్పలేదు.

సెక్టర్ 4కి రాలేదు. రావాలనిపించలేదు. నాకు ఫోన్ చెయ్యకండి. మీ గొంతు వింటే నేను ఏం మాట్లాడతానో నాకే తెలియదు. మనోజ్ నా పాట తీసుకున్నాడు. ఇన్నేళ్ళూ ఏది కట్టినా, మాస్టారు విని తలూపారు అనుకునేవాణ్ణి. నాకు ఉన్న ధైర్యం అదే. దాన్ని మీరు తీసుకున్నారు. అఫిడవిట్ రాసి పంపినందుకు నేను కృతజ్ఞుణ్ణి. ఆ రెండూ ఒకదానికొకటి చెల్లు కావు.

మీ నూనెతో అమ్మకి మోకాళ్ళు కాస్త నయమట. మాస్టారి దగ్గరికి ఎందుకు వెళ్ళలేదు, ఆయనంతటి మంచిమనిషి ఈ భిలాయిలో లేడు అని పోట్లాడింది. మా నాన్న పోయాక ఆవిడ అలా ఎవర్ని గురించీ అనలేదు. టైము లేదమ్మా అన్నాను. ఇకమీద కూడా అదే చెబుతాను. ఆవిడ వస్తే కూర్చోబెట్టి మాట్లాడండి, ఫోన్ చేస్తే ఎత్తండి. ఆవిడ అనుకుంటున్న మనిషిలాగే ఉండండి. మీకోసం కాదు, ఆవిడకోసం అడుగుతున్నాను.

సుభాష్